ఆలయ ఉద్యోగుల జీతాల రిట్ పిటిషన్‌ను వాపసు తీసుకోమంటున్నారు: సంతకం పెట్టవచ్చా?

ప్రశ్న
టికెట్టు కౌంటరు, వరంగల్

అందరికీ నమస్కారం. నేను వరంగల్ పరిసరాల్లో దేవాదాయ శాఖ పరిధిలో ఉన్న ఒక ఆలయంలో 18 ఏళ్లుగా పని చేస్తున్నాను. మొదట ప్రసాదాల కౌంటరులో ఉండేవాణ్ణి, ఇప్పుడు ఆర్జిత సేవల టికెట్లు ఇస్తున్నాను. అర్చకులకు, ఆలయ ఉద్యోగులకు ప్రభుత్వోద్యోగులతో సమానంగా వేతనాలు ఇస్తామని 2017లో ప్రభుత్వం ప్రకటించిన తరువాత మా ఆలయంలో కొందరికి టైం స్కేలు (ఏటా ఇంక్రిమెంటు ఉండే జీతం) వచ్చింది. అదే పని, అవే వేళలు, అదే హాజరు పట్టీ ఉన్నప్పటికీ మేము 9 మందిమి మాత్రం కన్సాలిడేటెడ్ పే (ఇంక్రిమెంట్లు లేని ఏకమొత్తం జీతం) మీదనే మిగిలిపోయాము. నాకూ, నా పక్క కౌంటరులో కూర్చునే స్కేలు ఉద్యోగికీ నెలకు సుమారు 7,000 రూపాయల తేడా ఉంది.

2019లో 9 మందిమీ కలిసి హైకోర్టులో రిట్ పిటిషన్ వేశాము. శాఖ తరఫున కౌంటరు (మా పిటిషన్‌కు జవాబు) దాఖలైంది, నాలుగైదు సార్లు జాబితాలోకి వచ్చి వాయిదా పడింది, మధ్యంతర ఉత్తర్వులేమీ లేవు. ఈలోగా మాలో ఒకరు చనిపోయారు, ఇద్దరు రిటైరయ్యారు.

గత నెలలో మా ఈఓ (ఆలయ కార్యనిర్వహణాధికారి) గారు పిలిచి, స్కేలు కోసం మా పేర్లతో దేవాదాయ కమిషనర్ గారి కార్యాలయానికి ప్రతిపాదన పంపాలని ఉందనీ, కేసు నడుస్తుండగా ఫైలు కదలదనీ, ముందు దానిని వాపసు తీసుకుంటే మిగిలినది తాను చూసుకుంటాననీ చెప్పారు. మరునాడు ఉదయం టికెట్ల కట్టలు లెక్కపెట్టుకుంటుండగా ఆఫీసు గుమాస్తా ఇంగ్లీషులో టైపు చేసిన రెండు పేజీల అఫిడవిట్ తెచ్చి గల్లా పెట్టె మీద పెట్టాడు. ఇంటికి తీసుకువెళ్లి డిగ్రీ చదువుతున్న మా అబ్బాయితో చదివించుకుంటే, ఎవరి ఒత్తిడీ లేకుండా నా ఇష్టపూర్వకంగా పిటిషన్‌ను ఉపసంహరించుకుంటున్నానని అందులో ఉంది. ఈఓ గారు ఇచ్చిన మాట గురించి ఒక్క అక్షరం కూడా లేదు.

ఐదుగురు సంతకానికి సిద్ధంగా ఉన్నారు, నేను ఇంకా తేల్చుకోలేదు. వాపసు తీసుకున్నాక పని జరగకపోతే మళ్లీ కోర్టుకు వెళ్లవచ్చా? కొందరు వాపసు తీసుకుని కొందరు కొనసాగవచ్చా? చనిపోయిన మిత్రుడి భార్య సంతకం కూడా కావాలంటున్నారు, ఆమె ఏమి చేయాలి? తెలిసిన పెద్దలు చెప్పగలరు.

జవాబు 1
రిటైర్డ్ సూపరింటెండెంట్, కాజీపేట

నేను దేవాదాయ శాఖ కార్యాలయాల్లో 31 ఏళ్లు పని చేసి రిటైరైనవాణ్ణి కనుక, చట్టం సంగతి వకీళ్లకు వదిలేసి ఫైలు ఎలా నడుస్తుందో చెబుతాను.

కేసు పెండింగులో ఉంటే ప్రతిపాదన పంపరాదన్న ఉత్తర్వు నా సర్వీసులో నా కంట పడలేదు. కోర్టు స్టే ఇచ్చి ఉంటే అది వేరే మాట. మీ కేసులో స్టే లేదని మీరే రాశారు. స్కేలు కావాలని మీరు అడుగుతున్నారు, ఆ స్కేలు ఇవ్వడానికి మీ పిటిషనే అడ్డం అనడంలో తర్కం లేదు. నోట్ ఫైలులో ‘విషయం కోర్టు పరిధిలో ఉన్నది’ అని ఒక వాక్యం రాస్తే మరో ఏడాది దానిని ముట్టుకోనక్కర లేదు కాబట్టి ఆ మాట మా ఆఫీసుల్లో ఎక్కువగా వినిపిస్తుంది. నేను కూడా ఆ వాక్యం రాసినవాణ్ణే, దాచుకోవడం దేనికి.

మీ ప్రతిపాదన నిజంగా ఆగేది రెండు చోట్ల. మొదటిది కేడర్ స్ట్రెంగ్త్, అంటే మంజూరైన పోస్టుల సంఖ్య. మీ ఆలయానికి మంజూరైన పోస్టులు ఎన్ని, వాటిలో ఖాళీలు ఎన్ని, మీ 9 మందిని ఏ పోస్టులకు ఎదురుగా చూపిస్తారన్నది తేలకుండా ఏ కమిషనర్ కూడా సంతకం చేయరు. రెండవది 30 శాతం లెక్క. ఆలయ సిబ్బంది జీతభత్యాలు ఆలయ ఆదాయంలో 30 శాతానికి మించరాదన్న నిబంధన ఒకటి మా శాఖలో ప్రతి ఫైలు నెత్తిమీద కూర్చుని ఉంటుంది. 1987 నాటి దేవాదాయ చట్టం 6వ సెక్షన్ ఆలయాలను ఆదాయాన్ని బట్టి 6(ఎ), 6(బి), 6(సి) అని విభజించింది. 2007 సవరణ తరువాత ఏటా 25 లక్షలు దాటినవి 6(ఎ)లోకి, 2 లక్షల నుంచి 25 లక్షల వరకు ఉన్నవి 6(బి)లోకి వస్తాయి. ఒక మాదిరి ఆదాయం ఉన్న ఆలయంలో 9 మందికి ఒకేసారి స్కేలు ఇస్తే 30 శాతం గీత దాటుతుందా లేదా అన్నది మీ ఆలయ బడ్జెట్ పుస్తకం తిరగేస్తే అరగంటలో తెలిసిపోతుంది.

అందుచేత ఈఓ గారిని వినయంగా ఒకటే అడగండి: ప్రతిపాదన ముసాయిదా తయారైందా, అయితే అందులో పోస్టుల పట్టిక, ఆదాయ వ్యయాల పట్టిక ఉన్నాయా అని. ఆ రెండు పట్టికలూ లేకపోతే ప్రతిపాదన అనేదే లేదని అర్థం చేసుకోండి. ఉంటే దాని నకలు సమాచార హక్కు చట్టం కింద ఎవరైనా తీసుకోవచ్చు. ఆయన మాట నిజమే అయినా, ఈఓలకు బదిలీలు ఉంటాయి. ఈయన ఇచ్చిన మాట తరువాత వచ్చే ఈఓకు ఏ రిజిస్టరులోనూ కనిపించదు.

జవాబు 2
నల్లకోటు, హనుమకొండ

సూపరింటెండెంట్ గారు ఆఫీసు వైపు నుంచి చెప్పారు కనుక నేను కోర్టు వైపు నుంచి చెబుతాను. మీ కాగితాలు నేను చూడలేదు, మీ వకీలు గారు ఉండగా నా మాట తుది మాట కాదు. అయినా సంతకానికి ముందు మీరు తెలుసుకోవలసినవి కొన్ని ఉన్నాయి.

సివిల్ ప్రొసీజర్ కోడ్ 23వ ఆర్డరు 1వ రూలు ప్రకారం వాది తన దావాను ఎప్పుడైనా వదులుకోవచ్చు కానీ, అదే విషయం మీద మళ్లీ దావా వేసుకునేందుకు కోర్టు అనుమతి తీసుకోకుండా వదులుకుంటే రెండవ దావా వేయడానికి వీలుండదు. రిట్ పిటిషన్లకు ఈ కోడ్ నేరుగా వర్తించదని కొందరు అంటారు. అయితే సర్గుజా ట్రాన్స్‌పోర్ట్ సర్వీస్ కేసులో సుప్రీంకోర్టు, 1987 నాటి రిపోర్టుల్లో కనిపించే తీర్పులో, ఇదే సూత్రాన్ని ప్రజా విధానం దృష్ట్యా రిట్లకు కూడా వర్తింపజేసింది. హైకోర్టులో రిట్ వేసి, మళ్లీ వేసుకునే అనుమతి లేకుండా వాపసు తీసుకున్నవారు అదే కారణం మీద రాజ్యాంగం 226వ అధికరణ కింద మరో రిట్ వేయలేరన్నది దాని సారాంశం. కనుక ఉత్తర్వులో ‘ఉపసంహరించుకున్నందున కొట్టివేయడమైనది’ అన్న వాక్యం ఒక్కటే ఉంటే మీ దారి చాలావరకు మూసుకున్నట్టే. దాని పక్కన ‘మళ్లీ కోర్టును ఆశ్రయించే స్వేచ్ఛతో’ అన్న నాలుగు మాటలు ఉంటే దారి తెరిచి ఉంటుంది. మేము దీనినే లిబర్టీ అంటాము. అది అడగనిదే రాదు. మీ అఫిడవిట్‌లో ఆ అభ్యర్థన ఉన్నదా అని మీ అబ్బాయిని మరొక్కసారి చూడమనండి.

లిబర్టీ వచ్చినా పోయేది ఒకటి ఉంది, దానిని చాలామంది వకీళ్లు కూడా కక్షిదారులకు చెప్పరు. జీతం తేడా వంటివి నెలనెలా కొనసాగే అన్యాయం కిందికి వస్తాయి కాబట్టి ఆలస్యంగా వచ్చినా కోర్టు వింటుంది. కానీ బకాయిలను మాత్రం సాధారణంగా పిటిషన్ వేసిన తేదీకి వెనుక 3 ఏళ్ల వరకే పరిమితం చేయాలని యూనియన్ ఆఫ్ ఇండియా వర్సెస్ తర్సేమ్ సింగ్ కేసులో 2008లో సుప్రీంకోర్టు చెప్పింది. మీరు 2019లో వేశారు కనుక గెలిస్తే 2016 దాకా వెనక్కి అడిగే అవకాశం ఉంది. ఇప్పుడు వాపసు తీసుకుని, పని జరగక మరో రెండేళ్లకు కొత్తగా వేశారనుకోండి, లెక్క ఆ కొత్త తేదీ నుంచి మొదలవుతుంది. అంటే కనీసం 6 ఏళ్ల బకాయి చేజారుతుంది. మీరు చెప్పిన 7,000 చొప్పున 72 నెలలకు 5 లక్షల 4 వేల రూపాయలు, అది కూడా మనిషి ఒక్కంటికి. ఆ అఫిడవిట్ కాగితం ఖరీదు ఇదని మీ ఐదుగురు మిత్రులకు చెప్పండి.

ఇక కొందరు వాపసు తీసుకుని కొందరు కొనసాగడం గురించి. ఉమ్మడి పిటిషన్‌లో ఎవరి జీతం హక్కు వారిదే కనుక, వెళ్లదలచుకున్న వారి మటుకు పిటిషన్ కొట్టివేసి మిగిలిన వారికి కొనసాగించమని కోర్టును కోరవచ్చు. ఒకరి సంతకం మరొకరిని కట్టిపడేయదు. మిగతా వాదుల సమ్మతి లేకుండా ఒక్కరే మొత్తం దావాను వదిలివేయరాదని అదే 23వ ఆర్డరు కూడా చెబుతుంది. అయితే మీరందరూ మొదట ఇచ్చిన వకాలత్ (వకీలుకు ఇచ్చే అధికార పత్రం) ఒకటే అయి ఉంటుంది. మీ వకీలు గారు ఎవరి మౌఖిక సూచన మీదనో అందరి తరఫునా వాపసు మెమో దాఖలు చేయకుండా, మీరు కొనసాగుతున్నారని ఆయనకు రాతపూర్వకంగా తెలియజేయండి. వాట్సాప్ సందేశం పంపినా సరే, తేదీ ఉంటుంది.

చనిపోయిన మిత్రుడి భార్య గారు ఇప్పటికి కేసులో పక్షమే కాదు, కాబట్టి ఆవిడ వాపసు తీసుకోవడానికి ముందు అసలు ఏమీ లేదు. జీతం బకాయి హక్కు మనిషితో పాటు పోదు, వారసులకు వస్తుంది. మరణ ధ్రువపత్రం, కుటుంబ సభ్యుల ధ్రువపత్రం జతచేసి వారసులుగా చేర్చమని ఆవిడ ఆలస్యం చేయకుండా దరఖాస్తు వేసుకోవాలి. సంతకం కావాలని ఆవిడ దగ్గరకు వెళ్లినవారికి ఈ సంగతి తెలియక కాదేమోనని నా అనుమానం.

జవాబు 3
గోదావరి గట్టు, కరీంనగర్ వైపు

వకీలు గారు చెప్పినది మా అనుభవంలో అక్షరాలా జరిగింది కనుక రాస్తున్నాను. ఆలయం పేరు, మనుషుల పేర్లు వద్దు.

మేము నలుగురం: ఇద్దరు సన్నాయి, డోలు వాద్యకారులు, ఒక స్వీపరు, ఒక వాచ్‌మన్. స్కేలు కోసం వేసిన పిటిషన్‌ను మీకు చెప్పినట్టే మాకు కూడా చెప్పి వాపసు తీయించారు. మాకు అప్పుడు లిబర్టీ అనే మాటే తెలియదు. ప్రతిపాదన వెళ్లలేదని మాత్రం అనను, నిజంగానే వెళ్లింది. నాలుగు నెలల తరువాత, మంజూరైన పోస్టులు లేనందున పరిశీలించడం సాధ్యపడదన్న ఒక్క వాక్యంతో తిరిగి వచ్చింది. అప్పటికి మాట ఇచ్చిన అధికారి బదిలీ అయ్యారు. కొత్తగా వచ్చిన అధికారి మా కాగితం చూసి, కేసు మీరే ఇష్టపూర్వకంగా వదులుకున్నట్టు ఉంది కదా అన్నారు. ఆ ‘ఇష్టపూర్వకంగా’ అన్న మాట మా సంతకాల పైననే ఉండగా మేము ఏమి జవాబు చెప్పగలం?

తరువాత మరో వకీలును పట్టుకుని, మాట నమ్మి వాపసు తీసుకున్నామని, పాత ఉత్తర్వును వెనక్కి తీసుకుని కేసును పునరుద్ధరించమని దరఖాస్తు వేశాము. మాట ఇచ్చినట్టు రుజువు ఏదని జడ్జి గారు అడిగారు. మా దగ్గర ఒక్క కాగితమూ లేదు.

మేడారం జాతర అయ్యాక హనుమకొండలో హుండీల లెక్కింపుకు వేర్వేరు ఆలయాల సిబ్బందిని పిలుస్తారు కదా, అక్కడ నాణేల కుప్పల మధ్య కూర్చున్నప్పుడు మా వాచ్‌మన్ ఈ కథంతా పక్కనున్న వారికి చెబితే, ఇదే తీరు మా దగ్గర కూడా జరిగిందని మరో రెండు ఆలయాల వాళ్లు అన్నారట. అన్నగారు, మీరు కనీసం సంతకానికి ముందు అడుగుతున్నారు.

జవాబు 4
పల్లె అర్చకుడు, జనగామ వైపు

నేను ధూప దీప నైవేద్యం పథకం కింద ఉన్న చిన్న ఆలయంలో అర్చకుణ్ణి. మా పథకంలో నెలకు 6,000 ఉన్న మొత్తాన్ని 2023లో 10,000 చేశారు. మాకు స్కేలు లేదు, మా మీద కేసులూ లేవు. కనుక నా మాట కొంచెం వేరుగా ఉంటుంది, పెద్దలు మన్నించాలి.

1987 చట్టం 34వ సెక్షన్‌తో మిరాసీ (వంశపారంపర్య) హక్కులు పోయాయి. 1996లో ఏ.ఎస్. నారాయణ దీక్షితులు కేసులో సుప్రీంకోర్టు దానిని సమర్థిస్తూ, పూజా విధానం మతానికి సంబంధించినదైనా అర్చకుని నియామకం లౌకికమైన విషయమని చెప్పింది. 2007 సవరణతో అర్చక కుటుంబాలకు కొంత ఊరట వచ్చింది కానీ, మా తాతగారి కాలంలో మాన్యం మీద బతికిన వాళ్లం ఇప్పుడు జీతం మాట కోసం శాఖ ముఖం చూడవలసిన స్థితిలోనే ఉన్నాము. అటువంటప్పుడు ఏళ్ల తరబడి కోర్టులో ఉంటూ అదే అధికారుల చేతి కింద పని చేయడం ఎంత కష్టమో వకీలు గారి లెక్కల్లోకి రాదు. నాకు తెలిసిన ఒక ఆలయంలో కేసు వాపసు తీసుకున్న తరువాత ఆరు నెలల్లో ముగ్గురికి స్కేలు ఇచ్చారు కూడా. రాజీ పడేవారందరూ అమాయకులు కారు.

ఇంకొక సందేహం. ఆలయ సిబ్బందికి ఖజానా నుంచి జీతాలు ఇవ్వరాదని ఎవరైనా ప్రజాప్రయోజన వ్యాజ్యం వేసి, తరువాత వారే వాపసు తీసుకుంటామంటే అప్పుడు కూడా ఇవే నియమాలా?

జవాబు 5
నల్లకోటు, హనుమకొండ

అయ్యగారు, మీరు చెప్పిన కష్టం నిజం. నేను కూడా రాజీ వద్దనడం లేదు, ఆ అఫిడవిట్ వద్దంటున్నాను. రెండింటికీ తేడా ఉంది. ఈఓ గారికి నిజంగా సదుద్దేశం ఉంటే, కేసును కొట్టివేయించకుండా పరిష్కరింపజేసుకునే దారి ఒకటి ఉంది. పిటిషనర్లు ఒక వినతిపత్రం సమర్పిస్తారనీ, దానిని శాఖ ఫలానా గడువులోగా పరిశీలించి కారణాలతో కూడిన ఉత్తర్వు ఇవ్వాలనీ ఆదేశించమని కోర్టును కోరవచ్చు. ప్రభుత్వ ప్లీడరు అభ్యంతరం చెప్పకపోతే ఇటువంటి ఉత్తర్వులు రోజూ వస్తాయి. అప్పుడు ఫైలుకు కోర్టు గడువు ఉంటుంది, తిరస్కరిస్తే ఆ తిరస్కరణ మీద కొత్తగా రిట్ వేసే కారణం ఉంటుంది, గడువు దాటితే కోర్టు ధిక్కరణ పిటిషన్ ఉంటుంది. బకాయిల తేదీ విషయంలో మాత్రం, పాత పిటిషన్ తేదీ నుంచి లభించే ప్రయోజనానికి భంగం లేకుండా అన్న మాట ఆ ఉత్తర్వులో చేర్చమని మీ వకీలు గారిని పట్టుబట్టమనండి. అడిగితే ఇస్తారన్న హామీ లేదు, అడగకపోతే రాదన్న హామీ మాత్రం ఉంది.

ప్రజాప్రయోజన వ్యాజ్యం సంగతి వేరు. అందులో పిటిషనరు కేసుకు యజమాని కాడు. పాత్రికేయురాలు షీలా బర్సే వేసిన కేసులో 1988లో ఆమె స్వయంగా వైదొలగుతానన్నా సుప్రీంకోర్టు కేసును వదిలిపెట్టక కొనసాగించింది. కనుక అటువంటి కేసును వేసినవారు తమంతట తాము ఇంటికి తీసుకుపోలేరు.

జవాబు 6
రిటైర్డ్ సూపరింటెండెంట్, కాజీపేట

ఒక్క మాట మరచిపోయాను. ప్రతిపాదన మంజూరైనా స్కేలు సాధారణంగా ఉత్తర్వు తేదీ నుంచే అమలవుతుంది. కనుక మీ ఇద్దరు రిటైర్డ్ మిత్రులకూ, చనిపోయిన మిత్రుడి భార్యకూ ఈఓ గారి మాటలో పైసా లేదు. వాళ్లకు ఉన్నదల్లా పాత బకాయే, ఆ బకాయి ఉన్నదల్లా ఈ కేసులోనే. 9 మందిని ఒకే గాటన కట్టి సంతకాలు అడగడం అందుకే సరి కాదు.

ప్రశ్న వేసినవారి నుంచి
టికెట్టు కౌంటరు, వరంగల్

అందరికీ కృతజ్ఞతలు. నిన్న మధ్యాహ్నం గుడి తలుపులు వేశాక ఐదుగురిని కూర్చోబెట్టి ఈ జవాబులన్నీ చదివి వినిపించాను. 5 లక్షల 4 వేల లెక్క దగ్గర మా స్వీపరమ్మ ఆపమని, కాగితం మీద తానే మళ్లీ గుణించి చూసుకుంది. ఇద్దరు మాత్రం ఇంకా రెండేళ్ల సర్వీసే ఉందని, అధికారితో వైరం పెట్టుకోలేమని సంతకం పెట్టడానికే నిశ్చయించుకున్నారు. వారిని తప్పు పట్టడం లేదు, వారి మటుకు లిబర్టీతో వాపసు కోరే కొత్త అఫిడవిట్ రాయించుకొమ్మని చెప్పాను.

మిగిలిన మేము నలుగురం, రిటైరైన ఇద్దరూ కలిసి గడువుతో కూడిన ఉత్తర్వు కోరాలని మా వకీలు గారికి ఫోనులో చెప్పి, అదే మాట సందేశంగా కూడా పంపాము. చనిపోయిన మిత్రుడి భార్య, ఆ చెల్లెమ్మ, తహసీల్దారు కార్యాలయంలో కుటుంబ సభ్యుల ధ్రువపత్రానికి దరఖాస్తు పెట్టుకుంది. ఈఓ గారిని పోస్టుల పట్టిక గురించి అడిగితే, తయారవుతోందని అన్నారు. గుమాస్తా తెచ్చిన రెండు పేజీల అఫిడవిట్ సంతకం లేకుండా నా గల్లా పెట్టె అడుగున ఉంది, తిరిగి ఇమ్మని ఇంకా ఎవరూ అడగలేదు.